కృష్ణా కాలువల నుంచి గుంటూరు బ్యారన్ల దాకా: ఒక రోజు చరిత్ర యాత్ర ఎలా ఉంది?

విజయవాడలో కొందరు విశ్రాంత నీటిపారుదల ఇంజనీర్లు, ఇద్దరు చరిత్ర ఉపాధ్యాయులు కలిసి చలికాలమంతా ఆదివారాల్లో ఒక చిన్న బస్సు నడుపుతున్నారు. ప్రకాశం బ్యారేజీ దగ్గర మొదలై, పడమటి కాలువ వెంట దుగ్గిరాల లాకుల దాకా వెళ్ళి, తెనాలి వైపు ఒక పాత బియ్యపు మిల్లు చూపించి, గుంటూరు అవతల పొగాకును వేడితో ఆరబెట్టే బ్యారన్లతో ముగించే ఈ యాత్రకు మనిషికి 1,500 రూపాయలు తీసుకుంటున్నారు. ఉదయం ఉపాహారం, మధ్యాహ్న భోజనం అందులోనే. సంక్రాంతికి వారం ముందు నేను, మా వారు, హోమ్ సైన్స్ చదువుతున్న మా అమ్మాయి వెళ్ళి వచ్చాము. వెళ్ళాలా వద్దా అని ఆలోచిస్తున్నవారికి ముందే చెబుతున్నాను, తప్పకుండా వెళ్ళండి. నాకు కనిపించిన లోపాలను కూడా దాచకుండా రాస్తున్నాను, ఎందుకంటే ఇంత శ్రద్ధగా నడుపుతున్న యాత్ర వాటిని సరిదిద్దుకోగలదని నా నమ్మకం.

ఉదయం ఆరున్నరకు సీతానగరం ఒడ్డున అందరినీ కూర్చోబెట్టి ఇడ్లీ, అల్లం పచ్చడి పెట్టారు. మాకు వివరించిన పెద్దాయన కాలువల శాఖలో పనిచేసి విశ్రాంతి తీసుకున్న ఇంజనీరు. ఆయన ఆనకట్టతో కాకుండా కరువుతో కథ మొదలుపెట్టడం నాకు ఎంతో నచ్చింది. 1832-33లో, నందన నామ సంవత్సరంలో వచ్చిన కరువును మన పెద్దవాళ్ళు డొక్కల కరువు అనేవారు. అప్పటి గుంటూరు జిల్లాలో ఉన్న సుమారు 5 లక్షల జనంలో లక్షన్నర నుంచి 2 లక్షల మంది చనిపోయారని లెక్క. నది పక్కనే పారుతూ ఉండగా, పొలానికి నీరెక్కించే దారి లేక జనం చచ్చిపోయారన్న మాట ఆయన నోట వినే సమయానికి మా ఎదురుగా కృష్ణ నిండుగా ఉంది. బస్సులోని చిన్నపిల్లలు కూడా కాసేపు మాట్లాడలేదు.

ఇంద్రకీలాద్రికీ సీతానగరం కొండకూ మధ్య నది ఇరుకవుతుంది. రెండు ఒడ్లా కొండలు ఉండటంతో రాయి కోసం దూరం వెళ్ళవలసిన పని లేదు. ఆనకట్టకు ఈ చోటే ఎందుకు ఎంచుకున్నారో అక్కడ కూర్చుంటే ఎవరూ చెప్పకుండానే తెలుస్తుంది. గోదావరి మీద ధవళేశ్వరం పని చేయించిన ఆర్థర్ కాటన్ ప్రోద్బలంతో, కెప్టెన్ చార్లెస్ ఆర్ పర్యవేక్షణలో 1852లో పని మొదలై 1855 నాటికి పూర్తయింది. తూర్పు ఒడ్డు నుంచి ఏలూరు, రైవస్, బందరు కాలువలు విజయవాడ మధ్యగా చీలిపోతే, పడమటి ఒడ్డు నుంచి గుంటూరు వైపు కాలువ బయలుదేరింది. దాదాపు వంద సంవత్సరాలు నిలిచిన ఆ ఆనకట్టకు 1952లో గండి పడిన తరువాత, ఇప్పుడు మనం చూస్తున్న 1,223 మీటర్ల బ్యారేజీని 1957 నాటికి కట్టారు. ఇదంతా ఆయన కాగితం చూడకుండా, నీటి మట్టాలతో సహా చెప్పారు.

అయితే ఇక్కడే నా మొదటి అసంతృప్తి. మూడేళ్ళ పనిలో వినిపించిన పేర్లు రెండే, రెండూ దొరలవే. కొండను పగలగొట్టిన చేతులు, కాలువలు తవ్విన పారలు ఎవరివి? రాతిపనీ మట్టిపనీ తరతరాల వృత్తిగా చేసిన వడ్డెరలు లేకుండా ఈ ప్రాంతంలో ఏ చెరువూ ఏ కాలువా లేదు. ఒక యువతి ఈ ప్రశ్న అడిగినప్పుడు పెద్దాయన ఒప్పుకున్నారు కానీ, రెండు వాక్యాలతో దాటవేసి గేట్ల గురించి చెప్పడం మొదలుపెట్టారు. కాటన్ పటానికి దండ వేసే ఊళ్ళలో నాకూ చుట్టాలు ఉన్నారు, ఆ గౌరవాన్ని నేను తక్కువ చేయడం లేదు. కానీ రెండు గంటల వివరణలో కూలివారికి పావుగంట కేటాయించడం కష్టమేమీ కాదు.

దుగ్గిరాల లాకుల దగ్గర మాకిచ్చిన సమయం ఇరవై అయిదు నిమిషాలు, అది చాలదు. పడమటి కాలువ ఇక్కడే కొమ్మమూరు, నిజాంపట్నం కాలువలుగా విడిపోతుంది. కొమ్మమూరు కాలువ పెదగంజాం దగ్గర బకింగ్‌హాం కాలువలో కలుస్తుంది కాబట్టి, ఒకప్పుడు ఇక్కడ ధాన్యం ఎత్తిన పడవ మద్రాసు దాకా వెళ్ళగలిగేది. లాకు ఎలా పనిచేస్తుందో చెప్పడానికి నిర్వాహకులు టేకు చెక్కతో చేయించిన ఒక చిన్న నమూనా తెచ్చారు. చెంబుతో నీళ్ళు పోసి, ఎగువ తలుపు మూసి, దిగువ తలుపు తెరిచి, కాగితపు పడవను ఒక మట్టం నుంచి మరొక మట్టానికి దింపి చూపించారు. పిల్లలతో పాటు పెద్దలం కూడా ఒకటికి రెండుసార్లు చేసి చూశాము. 1893లో కృష్ణ మీద రైలు వంతెన వచ్చాక సరుకు క్రమంగా రైలెక్కిందనీ, పడవలకు పని తగ్గిందనీ చెప్పి బస్సెక్కించారు. గట్టు మీద తాడు భుజానికి వేసుకుని పడవను లాగుతూ నడిచిన మనుషుల సంగతి ఇంకొంచెం వినాలని ఉండింది.

ఇక మిల్లు. డబ్బు పెట్టి ఈ యాత్రకు వెళ్ళడానికి ఈ ఒక్క చోటు చాలు.

తెనాలి వైపు ఒక పల్లెలో కాలువ గట్టును ఆనుకుని ఉన్న ఆ మిల్లు వ్యాపారం ఎప్పుడో మానేసింది. పెద్ద యంత్రాలన్నీ దుమ్ము పట్టి ఉన్నాయి. అయితే ఇంటి వడ్లు తెచ్చుకున్నవారికి ఆడించి ఇచ్చే చిన్న హల్లరు మాత్రం పండుగ రోజుల్లో ఇప్పటికీ తిరుగుతోంది. లోపలికి అడుగు పెట్టగానే తవుడు వాసన కమ్ముకుంది. తలపైన గోడ నుంచి గోడకు పొడుగాటి ఇనుప షాఫ్టు, దాని మీద రకరకాల కొలతల పుల్లీలు, ప్రతి పుల్లీ నుంచి ఒక్కొక్క యంత్రానికి దిగిన తోలు బెల్టు. ఒక్క ఇంజను తిరిగితే ధాన్యం పైకెత్తే ఎలివేటరు, జల్లెడలు, హల్లర్లు అన్నీ తిరిగేవి. యాభై ఏళ్ళ పాటు ఆ ఇంజను చూసుకున్న డ్రైవరు ఇంకా ఆ ఊళ్ళోనే ఉన్నారు, ఆయన్నే పిలిపించి చెప్పించడం నిర్వాహకులు చేసిన మంచి పనుల్లోకెల్లా మంచి పని. "ఇంజను శబ్దం మారితే నిద్రలో ఉన్నా లేచి వచ్చేవాణ్ణమ్మా, ఊక ఎక్కువ పడ్డా, బెల్టు జారినా చెవికే ముందు తెలిసేది" అని ఆయన అన్నారు.

హల్లరు ఎలా పనిచేస్తుందో ఆయన మూత తీసి చూపించారు. పళ్ళున్న ఇనుప రోలరు చిల్లులున్న జల్లెడ లోపల తిరుగుతుంది, పక్కన ఒక ఇనుప బద్ద ధాన్యాన్ని అడ్డుకుంటుంది. ఆ బద్దను ఎంత దగ్గరికి జరిపితే బియ్యం అంత తెల్లబడతాయి, నూకలూ అంతే పెరుగుతాయి. వదులు చేస్తే మెరికలు మిగులుతాయి. అంటే బియ్యం నాణ్యత అంతా ఆ బద్దను బిగించే మనిషి అంచనా మీద ఆధారపడి ఉండేది. 1885లో ఎంగెల్‌బర్గ్ అనే బ్రెజిల్ ఇంజనీరు కనిపెట్టిన ఈ యంత్రం ప్రపంచమంతా తిరిగి మన పల్లెల దాకా వచ్చింది. పొట్టునూ తవుడునూ ఒకేసారి తీసేయడం దీని సౌకర్యం. ఊకా తవుడూ కలిసిపోయి రావడం, బియ్యం ఎక్కువ విరగడం దీని నష్టం. తరువాత వచ్చిన రబ్బరు రోలర్ల యంత్రాలు ముందు పొట్టు ఒలిచి, ఆ తరువాత విడిగా పాలిష్ పట్టడంతో దిగుబడి పెరిగింది. నేడు 100 కిలోల ధాన్యానికి 67 కిలోల పచ్చి బియ్యం రావాలన్నది ప్రభుత్వ లెక్క. హల్లరుకు ఆ లెక్క అందదు.

మా ముందే ఒక బస్తా వడ్లు పోసి ఆడించారు. వేడిగా ఉన్న బియ్యాన్ని చేతిలోకి తీసుకుంటే అరచేతికి తవుడు అంటుకుంది. మా అమ్మాయి ఆ తవుడు గురించి అడిగిన ప్రశ్నకు చరిత్ర ఉపాధ్యాయురాలు చెప్పిన జవాబు ఆ రోజు నేను నేర్చుకున్న ముఖ్యమైన సంగతుల్లో ఒకటి. మరపట్టిన తెల్లని పచ్చి బియ్యం అందరికీ అందుబాటులోకి వచ్చాక, కోస్తా జిల్లాల్లో, బి1 విటమిన్ లోపంతో వచ్చే బెరిబెరి వ్యాధి పాతుకుపోయింది. తవుడులో ఉండే బి1 విటమిన్ పశువుల తొట్టికి పోయి, తెల్లని అన్నం మనుషుల విస్తరికి వచ్చింది. ఉప్పుడు బియ్యం తినే తమిళ ప్రాంతాల్లో ఈ జబ్బు అంతగా లేకపోవడాన్ని గమనించి, కూనూరు పోషకాహార పరిశోధనశాలలో ఐక్రాయిడ్ బృందం దీన్ని ప్రత్యేకంగా పరిశీలించింది. వడ్లను నానబెట్టి ఉడికించినప్పుడు ఆ విటమిన్ గింజ లోపలికి ఇంకుతుంది, అందువల్ల మరపట్టినా కొంత నిలుస్తుంది.

మిల్లు రాకతో మొదట పని పోయింది రోకలి పట్టిన ఆడవాళ్ళకేనని కూడా ఆమె చెప్పారు. కూలికి వడ్లు దంచి, నూకలూ తవుడూ ఇంటికి తెచ్చుకుని బతికిన కుటుంబాలు ప్రతి ఊళ్ళోనూ ఉండేవి. 1934లో ఏర్పడిన అఖిల భారత గ్రామ పరిశ్రమల సంఘం దంపుడు బియ్యాన్ని ప్రచారం చేయడానికి ఆరోగ్యంతో పాటు ఈ ఉపాధి కూడా కారణం. 1958 నాటి బియ్యపు మిల్లుల నియంత్రణ చట్టం ప్రకారం కొత్త మిల్లుకు అనుమతి ఇచ్చే ముందు దాని వల్ల ఆ చుట్టుపక్కల ఎక్కువ మందికి పని పోతుందా అన్నది కూడా చూడవలసి ఉండేది. యంత్రాన్ని చూపిస్తూనే ఆ యంత్రం ఎవరి చేతిలో పని తీసుకుందో చెప్పిన ఈ వివరణ, ఆనకట్ట దగ్గర లోపించిన దాన్ని చాలావరకు తీర్చింది.

ఆ మిల్లులో నిలబడి నేను కొంచెం కదిలిపోయాను, దానికి నా సొంత కారణం ఉంది. నేను పుట్టి పెరిగింది ఈ డెల్టాలో కాదు, కర్ణాటకలో సింధనూరు దగ్గరి ఒక క్యాంపులో. తుంగభద్ర ఆనకట్ట 1953లో పూర్తయి ఎడమ కాలువకు నీరు వదిలాక, గుంటూరు, కృష్ణా, గోదావరి జిల్లాల రైతులు ఇక్కడి కొద్దిపాటి పొలం అమ్ముకుని, అక్కడ చవకగా దొరికిన నల్లరేగడి కొనుక్కుని వెళ్ళారు. మా తాతయ్య 1957లో రెండెడ్ల బండి సామానుతో, పన్నెండేళ్ళ మా అమ్మతో, తెనాలి రైలెక్కారు. వాళ్ళు ఉన్న ఊళ్ళను ఇప్పటికీ క్యాంపులనే పిలుస్తారు. ముళ్ళతుప్పలు కొట్టి, మడులు చదును చేసి, తాగడానికి కాలువ నీళ్ళు కాచుకుని, పాములతోనూ మలేరియాతోనూ వేగి వాళ్ళు వరి నాటారు. నాలుగు పంటలు చేతికి వచ్చాక మా క్యాంపులోకి మొదట వచ్చిన యంత్రం సరిగ్గా ఇలాంటి హల్లరే. దాన్ని బిగించడానికి తెనాలి వైపు నుంచే మనిషిని రప్పించారని అమ్మ చెబుతుంది. ఈ రోజు గంగావతి, కారటగి, సింధనూరు బియ్యపు మిల్లులకు పేరుపొందాయంటే, ఆ పనితనం ఈ కాలువ గట్ల మీద నేర్చుకున్నది.

ఆ కథకు ఇంకో వైపు ఉందని నాకు తెలుసు. తుంగభద్ర ఎడమ కాలువ 227 కిలోమీటర్లు ప్రవహించి రాయచూరు చివరి పొలాలకు చేరాలి. జొన్న, పత్తి, వేరుశనగ వంటి తక్కువ నీటి పంటలకే ఎక్కువ భాగం కేటాయిస్తూ దాన్ని రూపొందించారు. ఎగువన మేము వరి వేయడంతో దిగువ కన్నడ రైతులకు నీరు అందక, నేటికీ అది తీరని తగవుగానే ఉంది. మా తాతయ్య కష్టాన్ని ఎంత ప్రేమగా తలచుకుంటానో, ఆ చివరి పొలాల రైతు నష్టాన్ని కూడా అంత నిజంగానే తలచుకోవాలి.

ఈ యాత్రలో అసలు వినిపించనిది ఈ వలసల కథ. మాకు ఇచ్చిన చిన్న పుస్తకంలో చరిత్ర 1957 బ్యారేజీతో ఆగిపోతుంది. కానీ కృష్ణా డెల్టాలో వరి పండించడం, కాలువ నీటిని పంచుకోవడం, మిల్లు నడపడం నేర్చుకున్న రైతులు ఆ విద్యను వెంట తీసుకుని ఎక్కడ కొత్త కాలువ తవ్వితే అక్కడికి వెళ్ళారు. 1931లో నిజాంసాగర్ పూర్తయ్యాక బోధన్ వైపు, ఆ తరువాత తుంగభద్ర కిందికి వెళ్ళారు. 1986లో బాపట్ల పరిశోధన కేంద్రం నుంచి విడుదలైన బి.పి.టి. 5204, అంటే మనం సాంబ మసూరి అనే వంగడం, మా క్యాంపు పొలాలను నింపి అక్కడి మిల్లుల్లో సోనా మసూరిగా అమ్ముడుపోయింది. ఇక్కడ పుట్టిన విత్తనం అంత దూరం వెళ్ళింది కదా, దాని దారి చెప్పకుండా ఈ డెల్టా మిల్లుల చరిత్ర ఎలా పూర్తవుతుంది? తిరుగు ప్రయాణంలో ఈ మాట చెబితే, నిర్వాహకులు మైకు నా చేతికిచ్చి మీరే చెప్పండమ్మా అన్నారు. ఇరవై నిమిషాలు మాట్లాడాను. బస్సులో మరో ఇద్దరికి బోధన్ వైపు బంధువులు ఉన్నారని అప్పుడే బయటపడింది.

మధ్యాహ్న భోజనం మిల్లు ఆవరణలోనే వేపచెట్టు కింద పెట్టారు. అదే హల్లరులో ఆడించిన బియ్యంతో అన్నం, ముద్దపప్పు, గోంగూర, గట్టి పెరుగు. బాగుంది. చేతులు కడుక్కోవడానికి ఒకే కుళాయి, ఆడవాళ్ళకు సరైన మరుగుదొడ్డి లేదు. పెద్దవయసువారిని తీసుకువెళ్ళేవారు ఇది గమనించాలి.

గుంటూరు భాగం మాత్రం తొందరగా ముగించారు. ఊరు దాటి చిలకలూరిపేట దారిలో వాడకం మానేసిన రెండు బ్యారన్ల ముందు బస్సు ఆపేసరికి నాలుగున్నర అయింది. చతురస్రాకారంలో నిటారుగా లేచిన ఇటుక గోడలు, కింద గాలి కన్నాలు, పక్కన పొయ్యి నోరు, లోపల వరుసలు వరుసలుగా దూలాలు. వర్జీనియా పొగాకును ఈ జిల్లాలో 1920లో ప్రయోగాత్మకంగా వేశారు, 1928 నుంచి బ్యారన్లలో కాల్చడం మొదలైంది. ఆకును కర్రలకు కుట్టి దూలాల మీద వేలాడదీసి, పొయ్యి నుంచి వచ్చే వేడిని రేకు గొట్టాల గుండా లోపల తిప్పి, మొదట పసుపు రంగు తేల్చి, తరువాత ఆకును, చివరకు ఈనెను ఆరబెడతారు. ముప్పై అయిదు డిగ్రీల దగ్గర మొదలైన వేడిని అయిదారు రోజుల్లో డెబ్బై డిగ్రీల దాకా పెంచాలి. రాత్రి ఒక గంట నిద్రపోతే ఆ కాల్పు మొత్తం నల్లబడిపోవచ్చు. ఇంత విషయం ఉన్నచోట మాకు దొరికింది అరగంట. 1976లో పొగాకు బోర్డు ప్రధాన కార్యాలయం గుంటూరుకే ఎందుకు వచ్చిందో చెప్పడానికి కూడా సమయం చాలలేదు. ఆకు కుట్టిన ఆడకూలీలు, గ్రేడింగ్ కొట్టాల్లో ఘాటు పీల్చిన వాళ్ళు, వీళ్ళ ప్రస్తావన రాలేదు.

నిర్వాహకులకు ఒక సూచన చేశాను. గుంటూరు భాగాన్ని విడదీసి చీరాల వైపు మరొక రోజు యాత్రగా మార్చితే, దారిలో స్టూవర్టుపురం చూపించవచ్చు. కొన్ని తెగలను పుట్టుకతోనే నేరస్థులుగా ముద్ర వేసిన బ్రిటిష్ కాలపు నేరస్థ తెగల చట్టం కింద ఎరుకల కుటుంబాలను తెచ్చి ఉంచడానికి 1913లో సాల్వేషన్ ఆర్మీ నిర్వహణలో వెలసిన ఊరు అది. చీరాల పొగాకు కర్మాగారానికి కావలసిన కూలీలు అక్కడి నుంచి వెళ్ళారు. మా తాతయ్య తన ఇష్టంతో కొత్త ఊరికి వెళ్ళాడు. వాళ్ళను ఇష్టం అడగకుండా కొత్త ఊళ్ళో పెట్టారు. ఒకే కాలపు పరిశ్రమల చరిత్రలో ఈ రెండు రకాల ఊళ్ళనూ పక్కపక్కన పెట్టి చూపించడం మనకు అవసరం. ఉపాధ్యాయురాలు నోటు పుస్తకంలో రాసుకున్నారు.

వెళ్ళేవారికి కొన్ని మాటలు. సీట్లు పద్దెనిమిదే, పది రోజుల ముందే డబ్బు కట్టాలి. వివరణ అంతా తెలుగులో, పిల్లలకూ అర్థమయ్యేలా ఉంటుంది. టోపీ, నీళ్ళ సీసా, తవుడు దుమ్ము పడనివారైతే ముక్కుకు గుడ్డ తీసుకువెళ్ళండి. హల్లరు తిరిగే రోజే కావాలని అడిగి మరీ సీటు తీసుకోండి, ఆగిపోయిన మిల్లును చూస్తే సగం తృప్తే. ఫిబ్రవరి నెలాఖరు దాకా ఆదివారాలు ఆడిస్తామని మిల్లు ఇంజను డ్రైవరు గారు మాకు చెప్పారు. మా అమ్మకు ఆ బియ్యం అర కిలో తెచ్చి ఇచ్చాను. ఆమె గుప్పెడు తీసుకుని వాసన చూసి, బద్ద కాస్త వదులుగా బిగించారే అంది. వచ్చే నెల ఆమెను తీసుకువెళ్ళడానికి రెండు సీట్లకు డబ్బు కట్టాము, మెట్లు దిగలేదు కాబట్టి లాకుల దగ్గర బస్సులోనే కూర్చోనివ్వమని అడిగితే సరేనన్నారు.